పిడికిట్లో బొటనవేలు

టర్నర్స్ బెండ్, ఒహాయో
1961 అక్టోబరు 9

తమ్ముడు డెల్బర్ట్‌కి,

ముందు నీ చెయ్యి సంగతి రాయి. మిగతావన్నీ తర్వాత.

శనివారం సాయంత్రం టీవీలో నిన్ను చూశాను. ఎడమ చెయ్యి మెడకి వేలాడేసుకుని, దగ్గుకుంటూ, గుర్రబ్బండి మీంచి దిగలేక దిగుతున్నావు. వేషం కోసం దగ్గే దగ్గు ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఇది అది కాదు, ఛాతీ అడుగునించి వచ్చింది. పక్కింటి లవీనా నా పక్కనే కూర్చుని వేరుశనక్కాయలు ఒలుస్తూ, "ఊరుకో ఓర్ఫా, ఇంకాసేపట్లో చంపేస్తారుగా, దగ్గు దానంతటదే పోతుంది" అంది. ఆవిడకి నా భయం అంటే అదో సరదా.

నేను ఎప్పటిలాగే నిన్ను చంపే సమయానికి వంటింట్లోకి పోయి, కొళాయి తిప్పి, ఆ చప్పుడులో నిలబడ్డాను. అయ్యాక లవీనానే కేకేస్తుంది. "అయిపోయింది, వచ్చెయ్యవే. ఈసారి బండి కింద పడేశారు. చావు భోజనానికి పంది తొడ నువ్వు ఉడకేస్తావా, నన్ను ఉడకెయ్యమంటావా?" ముప్ఫయ్యేళ్లుగా నిన్ను కాలుస్తున్నారు, ఉరి తీస్తున్నారు, నీళ్లలో ముంచుతున్నారు. ఒక్కసారైనా కథ చివరిదాకా కుర్చీలో కూర్చుని ఉండే వేషం ఇవ్వరా వాళ్లు?

ఆ జ్వరం వచ్చిన చలికాలం నీకు గుర్తుందో లేదో. నీకు ఏడేళ్లు. అప్పటికే అమ్మ లేదు. జ్వరం నీ గుండెకి తగిలింది, ఇరవయ్యేళ్లు దాటడు అన్నాడు డాక్టరు. నేను మాటిమాటికీ వచ్చి నీ ఛాతీ మీద చెవి పెట్టి నిద్ర లేపేస్తుంటే నువ్వే విసుక్కుని చెప్పావు: "అక్కా, నా చెయ్యి చూడు. బొటనవేలు పిడికిట్లో ఉంటే బతికున్నట్టే. లేపకు." ఆ తర్వాత గుమ్మంలోంచే చూసి వెళ్లిపోయేదాన్ని. ఆమధ్య ఒకసారి పొరపాటున కొళాయి ముందే కట్టేసి బయటికొచ్చాను. టీవీలో నేల మీద పడున్నావు, చెయ్యి బార్లా తెరిచి ఉంది. ఆ వారమంతా అన్నం సయించలేదు.

యాపిల్ పళ్లు ఉడికించి సీసాలకి పట్టాను. పోయిన ఏడు పంపినవి దారిలో పగిలి నీ ఉత్తరాలన్నీ జిగురు చేశాయి కాబట్టి ఈసారి ఉన్ని లోదుస్తుల్లో చుట్టి పంపుతున్నాను. రెండూ వాడుకో.

నీ కిందటి ఉత్తరంలో అక్షరాలు ఎడమకి వాలాయి. పడుకుని రాశావా?

పొయ్యి కట్టేశానో లేదో చూసి రావాలి, ఉంటాను.
ఓర్ఫా అక్క

---

లాస్ ఏంజెలెస్
అక్టోబరు 18

అక్కా,

చెయ్యి బాగుంది. దానికి కట్టిన గుడ్డ వేషాల గదిలో వాళ్లది, తిరిగి ఇచ్చేశాను. దగ్గు నాదే, కానీ అది జూన్ నెల దగ్గు. నీకు ఎన్నిసార్లు చెప్పాలి? నువ్వు శనివారం చూసేది శనివారం జరిగింది కాదు. మేం ఎప్పుడో తీసి డబ్బాలో పెట్టింది. నువ్వు కంగారు పడే సమయానికి నేను ఆ రోగం, ఆ చావు, ఆ బూట్లు అన్నీ వదిలేసి ఉంటాను.

తెరిచిన చెయ్యి గురించి: చచ్చినవాడి వేళ్లు విచ్చుకోవాలి అంటారు డైరెక్టర్లు. బొటనవేలు దాచుకుంటే నిద్రపోతున్నవాడిలా ఉంటానట. వాళ్లకి మన ఒప్పందం తెలియదు.

పడుకుని రాయలేదు. బస్సులో రాశాను. బస్సులో ఒకాయన చాలాసేపు నన్నే చూసి, "మిమ్మల్ని ఎక్కడో చూశాను, మా పళ్ల డాక్టరు కదూ?" అన్నాడు. ఔనన్నాను. నోరు తెరిచి చూపించబోయాడు. ముప్ఫయ్యేళ్లకి నాకు దక్కిన పేరు ఇది.

ఒక సంగతి. ఎవరికీ చెప్పకు, ఇంకా ఖాయం కాలేదు. వారం వారం వచ్చే కొత్త కథ ఒకటి మొదలుపెడుతున్నారు. నది ఒడ్డు ఊరు, అందులో బల్లకట్టు నడిపే ముసలాడు. ప్రతి వారం ఎవరో ఒకరు రేవుకి వస్తారు, వాళ్లని అతను అవతలికి చేరుస్తాడు. అందరూ వస్తారు, పోతారు. ముసలాడు ఉంటాడు. చావడు, అక్కా. నాన్న వేషం అది. నాన్న తాడు ఏ చేత్తో పట్టుకునేవాడు? అవతలి ఒడ్డు వాళ్లని ఏమని పిలిచేవాడు? మెడకి ఆ ఎర్ర రుమాలు ఎలా కట్టేవాడు? నాకు ముఖం గుర్తుంది, చేతులు గుర్తు రావడం లేదు.

లోదుస్తులు అందాయి. ఇక్కడ ఎండ మండిపోతోంది. తొడుక్కుంటానని మాత్రం మాట ఇస్తున్నాను.
డెల్

---

టర్నర్స్ బెండ్
నవంబరు 2

డెల్బర్ట్‌కి,

ఎవరికీ చెప్పలేదు. లవీనాకి చెప్పాను, ఆవిడ ఎవరికీ చెప్పదు.

నాన్న తాడు ఎడమ చేత్తో పట్టేవాడు. కుడిచేత్తో టోపీ. గాలి ఉన్నా లేకపోయినా టోపీ పట్టుకునేవాడు, ఒకసారి ఏట్లో పోయిందని. రుమాలు ముడి ముందుకి ఉండదు, చెవి కిందకి ఉంటుంది. తాడు లాగినప్పుడు గడ్డానికి తగలకూడదని. అవతలి వాళ్లని పేరు పెట్టి పిలవడు. "వస్తున్నా, వస్తున్నా, ఏరు ఎక్కడికీ పోదు" అంటాడు. ఆ చివరి మాట పొడుగ్గా సాగదీస్తాడు. ఎక్కేవాళ్లలో ఆడవాళ్లుంటే ముందు పలక మీద తనే కాలేసి తొక్కి చూపించి, అప్పుడు చెయ్యి అందిస్తాడు.

ఇవన్నీ రాస్తుంటే కాళ్లు ఒకచోట నిలవలేదు. మధ్యలో లేచి రేవు దాకా వెళ్లొచ్చాను. ఇప్పుడక్కడ వంతెన ఉంది, చూడటానికి ఏమీ లేదు, అయినా వెళ్లాను.

అది నిజం నది కాదు కదా? నీకు ఈత రాదు. నాన్నకీ రాదు, అది వేరే సంగతి. నీళ్లు ఎంత లోతో అడిగి తెలుసుకుని రాయి. మోకాలు దాటితే వద్దని చెప్పు. నువ్వు చెప్పలేకపోతే నీకు వేషాలు కుదిర్చే ఆ ఏజెంటు మర్రేతో చెప్పించు, నీ డబ్బుతో అతను తిన్న రొట్టె అరగాలి కదా.
ఓర్ఫా

---

లాస్ ఏంజెలెస్
డిసెంబరు 4

అక్కా,

వేషం నాదే. ముందు కొంత చేసి చూపించమన్నారు. రుమాలు ముడి చెవి కిందకి తిప్పుకుని "ఏరు ఎక్కడికీ పోదు" అన్నాను. గదిలో ఉన్నవాళ్లు కాసేపు కాగితాలు తిరగెయ్యడం మానేశారు. బయటికొచ్చాక మర్రే, "ఒరేయ్ డెల్, ఇన్నాళ్లూ ఈ ముసలాణ్ణి ఎక్కడ దాచావు? చచ్చే వేషాలు తెచ్చి తెచ్చి నాకు నడుం పడిపోయింది" అన్నాడు.

స్టూడియో డాక్టరు కూడా చూశాడు. చొక్కా మీదనించే విని, సరే అన్నాడు.

నది స్టూడియో వెనక తవ్విన గుంట. మోకాలు దాటదు. జనవరి మూడో గురువారం నించి వస్తుంది. ఈసారి వంటింట్లోకి పరుగెత్తక్కర్లేదు.
డెల్

---

టర్నర్స్ బెండ్
1962 జనవరి 29

నా తమ్ముడికి,

ఏమని రాయను. ఆ మొదటి గురువారం మా ముందుగది నిండిపోయింది. చర్చి ఆడవాళ్లంతా వచ్చారు, ఎవరి కుర్చీ వాళ్లే తెచ్చుకున్నారు. నువ్వు పొగమంచులోంచి తాడు లాక్కుంటూ వచ్చావు. టోపీ పట్టుకున్నావు. నేను లేచి నిలబడిపోయాను. "కూర్చోవే ఓర్ఫా, వెనక మాకేం కనపడక చస్తున్నాం" అంది లవీనా. అని, తర్వాత ఆవిడే ముక్కు తుడుచుకుంది. మన నాన్న బల్లకట్టు మీదే ఆవిడ పెళ్లికి వెళ్లింది కదా. అయిపోయేదాకా కూర్చున్నాను. కొళాయి ముట్టుకోలేదు.

మర్నాడు వారపత్రిక నడిపే టటిల్ గారు మా ఇంటికొచ్చారు. కాఫీ, మొక్కజొన్న రొట్టె పెట్టాను. "ఏమ్మా, చిన్నప్పుడు ఎలా ఉండేవాడు? ఊళ్లో వాళ్లు చదువుకుంటారు, నాలుగు మాటలు చెప్పండి" అన్నారు. నేను నాన్న సంగతి చెప్పాను, రుమాలు సంగతి చెప్పాను. ఆ జ్వరం సంగతి కూడా చెప్పాను. "ఇరవయ్యేళ్లు దాటడన్నారండీ మా వాణ్ణి. ఇప్పుడు చూడండి, యాభై తొమ్మిది. కాలిఫోర్నియా పెద్ద డాక్టరే గుండె విని భేషుగ్గా ఉందన్నాడు" అని చెప్పాను. ఇన్నేళ్లు ఆ డాక్టరు మాట నా నెత్తిన కూర్చుని ఉందిరా. మీ స్టూడియో డాక్టరు దాన్ని దించాడు.

పేపరు ముక్క ఇందులో పెట్టాను. ఫోటోలో నేను బాగాలేను, నువ్వు బాగున్నావు. సీరియల్ పేరు పెద్ద అక్షరాలతో వేశారు.

ఇన్నేళ్లలో ఇదే మొదటిసారి, పొయ్యి చూడకుండా పడుకున్నాను.
ఓర్ఫా అక్క

---

లాస్ ఏంజెలెస్
ఫిబ్రవరి 16

ఓర్ఫా,

ఇక్కడ ఒక ఆఫీసు ఉంది. దేశంలో అచ్చయ్యే ప్రతి పేపరూ తెప్పించుకుంటారు, టర్నర్స్ బెండ్ వారపత్రికతో సహా. కొందరు ఆడపిల్లలు కత్తెర్లు పట్టుకుని కూర్చుని చదువుతారు. సీరియల్ పేరు ఎక్కడ కనపడినా కత్తిరించి స్టూడియోకి పంపుతారు. అదే వాళ్ల పని. నువ్వు పంపిన ముక్క నాకు అందిన రోజే ఇంకో ముక్క స్టూడియోలో బల్ల మీద ఉంది.

చిన్నప్పటి జ్వరం మాట నేను ఇక్కడ ఎవరికీ చెప్పలేదు. ముప్ఫయ్యేళ్లు చెప్పలేదు. ఒక రోజు వచ్చి చచ్చి పోయేవాణ్ణి గుండె ఎలా ఉందని ఎవరూ అడగరు. ప్రతి వారం ఉండాల్సినవాణ్ణి అడుగుతారు. వాడు మధ్యలో పడిపోతే పని అంతా ఆగిపోతుంది. అందుకే బీమా కంపెనీ ఒప్పుకోవాలి. పేపరు చూసి ఇంకో డాక్టరు దగ్గరికి పంపారు. అతను చొక్కా విప్పించాడు. బీమా కంపెనీ వద్దంది.

బల్లకట్టు ముసలాణ్ణి ఏప్రిల్లో చంపేస్తారు. ఎవరో దొంగ కాలుస్తాడు. ఆ చావు రాసిన కాగితాలు కూడా ఇచ్చారు.

నీకు ముందే చెప్పాల్సింది. చెబితే నిద్రపోవు కాబట్టి చెప్పలేదు.

డెల్బర్ట్

---

టర్నర్స్ బెండ్
ఫిబ్రవరి 21

తమ్ముడూ,

నీ ఉత్తరం చేతిలో పట్టుకుని ఇల్లంతా తిరుగుతున్నాను. కాలుగాలిన పిల్లిలా ఉంది నా పని. టటిల్ గారి దగ్గరికి వెళ్లి, తప్పు రాశామని మళ్లీ అచ్చు వెయ్యమన్నాను. "జరిగింది జరిగినట్టే రాశాంగదమ్మా, ఇందులో తప్పేముంది?" అన్నాడు పెద్దమనిషి. ఏముందని చెప్పను? చెబితే అదీ వేస్తాడు.

ఇంకో డాక్టరు ఏమన్నాడో నువ్వు రాయలేదు. ఉత్తరం చాలాసార్లు చదివాను. బీమా వాళ్లు వద్దన్నది రాశావు, డాక్టరు అన్నది రాయలేదు. వేషం పోయిందని ఏడవనా, వేషం పోవడానికి కారణం నీ ఒంట్లో ఉందని ఏడవనా? ఒక చేతిలో నీ ఉత్తరం, మిగిలింది ఒకే చెయ్యి, ఏ కన్ను తుడుచుకోను?

నన్ను తిట్టు. కానీ రాయి.
అక్క

---

టర్నర్స్ బెండ్
మార్చి 30

డెల్బర్ట్,

నెల దాటింది. ఇది మూడో ఉత్తరం. మొదటి రెండూ అందాయో లేదో.

ప్రతి గురువారం నిన్ను చూస్తున్నాను. నిన్న ఉప్పు బస్తాలు దింపావు. ముఖంలో రంగు ఉంది, కాస్త ఒళ్లు కూడా చేశావు. హమ్మయ్య, ఒంట్లో బాగానే ఉంది, నా మీద కోపమే కదా అనుకుని సర్దుకుంటున్నాను. కోపం ఎంతకాలమైనా ఉండనీ, పరవాలేదు. నువ్వు అలా బస్తాలు మోస్తూ ఉంటే నేను ఉత్తరం లేకుండా ఉండగలను. అలా అని నాకు నేను చెప్పుకుంటున్నాను. లవీనా, "కోపం కాదే, మగాళ్లకి బద్ధకం" అంటుంది. ఆవిడ మొగుడు అలాంటివాడు. నువ్వు కాదు.

పోస్టు ఆయన మన వీధి మలుపు తిరిగితే చాలు, నేను గుమ్మంలో ఉంటాను. ఇప్పుడు ఆయనే దూరంనించి తల అడ్డంగా ఊపేస్తున్నాడు, నన్ను మెట్లు దిగనివ్వకుండా.
ఓర్ఫా

---

టర్నర్స్ బెండ్
ఏప్రిల్ 13

డెల్బర్ట్,

నిన్న నిన్ను చంపారు.

చర్చి ఆడవాళ్లెవరినీ పిలవలేదు. లవీనా ఒక్కతే వచ్చింది. ఆ దొంగ రేవులోకి రాగానే ఆవిడే, "పో, పో, కొళాయి తిప్పుకో, నేను కేకేస్తా" అంది. నేను కుర్చీ చేతులు రెండూ పట్టుకుని కూర్చున్నాను. ఉత్తరం రాయని మనిషిని చూడటానికి నాకు ఇంకే దారుంది? చచ్చేటప్పుడైనా చూడాలనుకున్నాను.

కాల్చాడు. నువ్వు తాడు పట్టుకునే జారావు. పలకల మీద పడ్డావు, టోపీ నీళ్లలోకి పోయింది. ఊళ్లో వాళ్లంతా చుట్టూ చేరారు. దగ్గరగా చూపించారు. ముఖం, రుమాలు, తర్వాత చెయ్యి.

బొటనవేలు లోపల ఉంది.

"అదేంటే, నవ్వుతున్నావు?" అంది లవీనా. "వాడు బతికే ఉన్నాడు" అన్నాను. "పిచ్చెక్కిందా, గుండెలో కాలిస్తేను" అంది. ఆవిడకి చెప్పలేదు. నేను మాట దాచడం ఇదే మొదటిసారి అనుకుంటాను.

పడక మీద చేరి హాయిగా కళ్లు మూసుకున్నాను. అప్పుడు మొదలైంది. నువ్వే కదా చెప్పావు, నేను చూసేది ఎప్పుడో తీసింది అని. నిన్ను చంపుతామని ఫిబ్రవరిలో రాశావు. ఈ చావు ఆ తర్వాత తీసిందే. అంటే ఆ ఉత్తరం రాశాక కొన్నాళ్లకే నీ కోపం పోయింది. పోయింది కాబట్టే చెయ్యి మూశావు. కోపం పోయినవాడు ఉత్తరం ఎందుకు రాయడు? నేను మార్చిలో చూసిన బస్తాలు ఏ నెల బస్తాలు? ఆ రంగు ఏ నెల రంగు? నేను అంతసేపూ డబ్బాలో ఉన్న నిన్ను చూసి ధైర్యం తెచ్చుకుంటున్నాను. అసలు నువ్వు ఎలా ఉన్నావో నాకు ఒక్క రోజుకీ తెలియదు.

పొద్దున్నే వెళ్లి బస్సు టిక్కెట్టు కొన్నాను. ఇరవై నాలుగో తేదీ మంగళవారం ఇక్కడ ఎక్కుతాను. జిల్లా దాటి ఎరగనిదాన్ని. దారిలో మూడుచోట్ల మారాలట, లవీనా కాగితం మీద రాసి నా కోటుకి పిన్నుతో గుచ్చుతానంటోంది. గుచ్చనీ. యాపిల్ సీసాలు ఒళ్లో పెట్టుకుని తెస్తాను, ఈసారి పగలవు.

నువ్వు ఇంట్లో లేకపోతే ఇంటివాళ్లకి తాళం ఇచ్చి పెట్టు.
అక్క

---

లాస్ ఏంజెలెస్
ఏప్రిల్ 17

అక్కా,

అక్షరాలు ఎడమకి వాలాయి. ఔను, పడుకునే రాస్తున్నాను. అందుకే ఇన్నాళ్లూ రాయలేదు. రాస్తే మొదటి వరసలోనే పట్టేస్తావు. వేరేవాళ్ల చేత రాయిస్తే ఇంకా భయపడతావు. ఏప్రిల్ పన్నెండు దాకా ఓపిక పడితే నువ్వే చూస్తావులే అనుకున్నాను. వంటింట్లోకి పోతావేమోనని ఒక్కటే నా బెంగ.

ఆ చావు తీసిన రోజు డైరెక్టరు నా చెయ్యి చూసి గోల చేశాడు. "ఏంటయ్యా ఆ పిడికిలి? చచ్చినవాడి చెయ్యేనా అది?" అన్నాడు. "బల్లకట్టు వాడు బాబూ, తాడు వదలడు" అన్నాను. ఎండ దిగిపోతోంది, మళ్లీ తియ్యడానికి వీల్లేదు. అలాగే ఉంచేశాడు. నాకు ఇంత కాలానికి ఒక చావు నా ఇష్టప్రకారం చేసే అవకాశం వచ్చింది.

తర్వాత మార్చిలో ఒక్క రోజు పని దొరికింది. పందిరి కింద నిలబడి ఉత్తరం చదివే ముసలాడు. చదువుతూ ఉండగా పడిపోయాను. అది కథలో లేదు. అక్కడున్నవాళ్లందరూ నన్ను ఎరుగుదురు కదా, డెల్ భలే పడ్డాడని చూస్తూ నిలబడ్డారట. ఇంకా లేవడేమిటని చివరికి గుర్రాలు చూసుకునే అతను వచ్చి కదిపాడు. ఇన్నేళ్ల అనుభవం నాకే అడ్డం వచ్చింది. ఆ రోజు నా చెయ్యి ఎలా ఉందో నాకు తెలియదు.

ఆసుపత్రిలో నర్సు రోజూ నన్ను చూసి ఆలోచించేది. "మిమ్మల్ని ఎక్కడో చూశానండీ" అంటుంటే పళ్ల డాక్టర్నని చెప్పబోయాను. ఇంతలో, "టోపీ పట్టుకునే ఆయన కదూ, ఏరు ఎక్కడికీ పోదు అంటారు" అంది. నాన్న మాట ఆమె నోట విన్నాను. ఆ మధ్యాహ్నమే నీకు రాద్దామని కాగితం అడిగాను, అక్షరాలు ఎడమకి వాలాయి, మానేశాను.

ఇప్పుడు ఇంటికి పంపారు. ఆ రెండో డాక్టరు అన్నదేమిటని అడిగావు. గుండె చాలా అలిసిపోయింది అన్నాడు. ఎన్నాళ్లని మాత్రం అడగలేదు. మొదటి డాక్టరు ఇరవయ్యేళ్లన్నాడు కదా, వీళ్ల లెక్కలు మనకెందుకు.

రా. మర్రే బస్సు దగ్గరికి వస్తాడు. పొట్టిగా ఉంటాడు, ఎప్పుడూ ఎవరినో తిడుతూ ఉంటాడు, గుర్తుపట్టేస్తావు. నేను ముందు వసారాలో కుర్చీలో ఉంటాను. మధ్యాహ్నం పూట కునుకు పడుతోంది. నువ్వు వచ్చేసరికి కళ్లు మూసుకుని, తల వాల్చి ఉంటే, సీసాలు అక్కడ పడేసి కేకలు వెయ్యకు. ముందు నా చెయ్యి చూడు.

డెల్